రాజుగారు ఎత్తని చెయ్యి

మా డ్రిల్లు మాస్టారు బంగార్రాజుగారి ఇంటికి మిట్టమధ్యాహ్నం వెళ్ళొద్దని, స్కూల్లో కొత్తగా చేరినవాళ్ళకి మేం ముందే చెప్పి ఉంచేవాళ్ళం. వెళితే అన్నం తినకుండా బయటపడలేరు. ఇప్పుడే తిని వచ్చానంటే ఆయన నమ్మరు. కడుపులో బాగాలేదంటే మజ్జిగన్నం పెడతారు. పాలకొల్లు దగ్గర ఆ జిల్లా పరిషత్ హైస్కూల్లో నేను పుష్కరకాలం లెక్కలు చెప్పాను. ఆ ఇంట్లో ఎన్ని పూటలు తిన్నానో మాత్రం లెక్క తేల్చలేను.

మర్యాదలో మా గోదావరి జిల్లాల తర్వాతే ఎవరైనా అని చెప్పుకుంటాం. అందులో కొంత నిజం, కొంత మేం చేసుకున్న ప్రచారం. రాజుగారి దగ్గర అది జబ్బు స్థాయికి వెళ్ళింది. కొర్రమేను పులుసు వండిన రోజున వచ్చినవాడి విస్తట్లో నడుం ముక్కలు పడేవి. వంటింటి గుమ్మంలో నిలబడి చూస్తున్న పిల్లలకి తలా తోకా మిగిలేవి. పిల్లల్లో ఎవరైనా మొహం ముడుచుకుంటే, "మనం ఇంట్లోవాళ్ళం కదమ్మా, సర్దుకోవాలి" అనేవారు. వాళ్ళ నాన్నగారు ఆయన్నీ అలాగే పెంచారట. ఆ సంగతి చెప్పేటప్పుడు గొంతులో గర్వం వినపడేది. భార్య రత్నమాణిక్యంగారు మాత్రం ఏమీ అనకుండా వడ్డించుకుపోయేవారు. నడుం ముక్కలు తిన్నవాళ్ళలో నేనూ ఒకణ్ణి కాబట్టి అప్పట్లో నాకది గొప్పగానే తోచింది.

రాజుగారికి ఈత నేర్పింది కాలువ. లాకుల దగ్గర దూకితే ఊరి రేవులో తేలేవారట. కప్ప ఈతలో ఆయన్ని మించినవాడు చుట్టుపక్కల లేడు. పట్నాల్లో దాన్నే బ్రెస్ట్ స్ట్రోక్ అంటారు. డిగ్రీ చదివే రోజుల్లో వాల్తేరులో యూనివర్సిటీ పోటీలకి వెళ్ళి, అందరికంటే ముందు గోడ చేరి కూడా ఓడిపోయి వచ్చారు. ఆ ఈతలో మలుపు దగ్గరా, ఆఖర్నా గోడని రెండు చేతులతో ఒకేసారి తాకాలి. కాలువలో పెరిగినవాడికి ఆ అలవాటు ఎక్కడినుంచి వస్తుంది? రేవు చేరగానే ఒక చేత్తో రాయి పట్టుకుంటాడు, రెండో చేత్తో మొహం తుడుచుకుంటాడు. రాజుగారు అక్కడా అదే చేశారు. ఒడ్డున జడ్జి చెయ్యెత్తాడు, పేరు కొట్టేశారు.

ఇంకొకరైతే ఆ జడ్జిని జన్మంతా తిట్టుకునేవారు. ఈయనకి అతని మీద గౌరవం పుట్టింది. తర్వాత డ్రిల్లు మాస్టారి ఉద్యోగం వచ్చాక పట్టుబట్టి ఆ రూల్సన్నీ చదివారు, జడ్జిల పరీక్ష రాసి పాసయ్యారు. రాష్ట్రంలో ఎక్కడ ఈత పోటీలు జరిగినా తెల్ల ప్యాంటూ తెల్ల చొక్కా మడతపెట్టుకుని బయల్దేరేవారు. కొలనులో తాళ్ళతో విడదీసిన వరసల్లో, రాజుగారు ఏ లేను ముందు నిలబడితే ఆ లేనులో తప్పు దాగదని పేరు తెచ్చుకున్నారు.

ఇక దుర్గాసాయి. తలుపులమ్మ కొడుకు. ఆమె రాజుగారి పొలానికి ఊడ్పులకీ కోతలకీ వచ్చేది. కుర్రాడు కాలువలో గేదెల్ని తోముతూ తోముతూ వాటికి అడ్డంపడి ఈదడం ఒకరోజు రాజుగారి కంటపడింది. ఆ సాయంత్రం నుంచే పాఠం మొదలు. రేవు మెట్టుకి నీళ్ళ మట్టంలో తాటిపలక ఒకటి బిగించారు. సాయి లాకుల వైపు నుంచి ఈదుకుంటూ వచ్చి ఆ పలకని రెండు చేతులతో కొట్టాలి. రాజుగారు కళ్ళు మూసుకుని వినేవారు. ఒక్కటే చప్పుడైతే సరే. రెండు చప్పుళ్ళు వినపడితే, "మళ్ళీ పోరా" అనేవారు. కుర్రాడు మారు మాట్లాడకుండా మళ్ళీ వెళ్ళేవాడు. ఒడ్డెక్కాక మాత్రం రోజూ ఒకే ప్రశ్న అడిగేవాడు, "ఎక్కడ తప్పు చేశానండీ మాస్టారూ?" అని. ఆయన చెప్పేవారు. మర్నాటికి ఆ తప్పు ఉండేది కాదు.

ఈత అయ్యాక రాత్రి భోజనం ఆ ఇంట్లోనే. సాయి మా ఇంట్లోవాడని రాజుగారు ఊరంతా చెప్పుకునేవారు. ఇంట్లోవాడే, కానీ కంచం పెరటి వసారాలో ఉండేది. నడుం ముక్కల విషయంలో మాత్రం నిజంగానే ఇంట్లోవాడు.

ఆ కుర్రాడు పదో తరగతి అయ్యాక హైదరాబాదులో స్పోర్ట్స్ హాస్టల్‌కి వెళ్ళాడు, జాతీయ పోటీల్లో పతకాలు తెచ్చాడు, మీసాలొచ్చాయి. రెండువేల సంవత్సరం దాటిన కొత్తలో అదే హైదరాబాదులో పెద్ద అంతర్జాతీయ పోటీలు పెట్టారు. ఎన్నెన్నో దేశాల జట్లు దిగాయి. వంద మీటర్ల బ్రెస్ట్ స్ట్రోక్‌కి మన దేశం తరఫున దుర్గాసాయి ఎంపికయ్యాడు. పతకం వస్తుందని ఎవరూ అనుకోలేదు. ఫైనల్ చేరితే చాలు, స్పోర్ట్స్ కోటాలో రైల్వే ఉద్యోగం దాదాపు ఖాయమని హాస్టల్లో కోచ్ చెప్పాడు. తలుపులమ్మ కూలి మానడమో మానకపోవడమో ఆ ఫైనల్ మీద ఆధారపడి ఉందని మా ఊళ్ళో అందరికీ తెలుసు.

మలుపు గోడ దగ్గర నిలబడే జడ్జిల్లో ఒకరిగా రాజుగారికీ పిలుపొచ్చింది. గురువు గట్టు మీద, శిష్యుడు నీళ్ళలో అని స్టాఫ్ రూములో ఆయన్ని తెగ ఆటపట్టించాం. నేనూ సెలవు పెట్టి ఆయనతో రైలెక్కాను.

పోటీకి ముందురోజు సాయంత్రం కొలను బయట మెట్ల మీద ఒక నల్లటి కుర్రాడు ఒంటరిగా కూర్చుని ఉన్నాడు. పేరు ఇమ్మాన్యుయేల్. ఆఫ్రికా వైపు ఏదో చిన్న ద్వీపం వాళ్ళది. వాళ్ళ దేశం నుంచి ఈతకి వచ్చింది అతనొక్కడే. వెంట వచ్చిన మేనేజరు జ్వరంతో పడుకున్నాడు, క్యాంటీన్ కూర కారానికి ఇతను తిండి మానేశాడు. రాజుగారికి ఇంకేం కావాలి. రత్నమాణిక్యంగారు కట్టిచ్చిన కజ్జికాయల డబ్బా మూత తీశారు. క్యాంటీన్ వాళ్ళని బతిమాలి పెరుగన్నం కలిపించి పట్టుకొచ్చారు. ఎదురుగా కూర్చుని, తనకొచ్చిన నాలుగు ఇంగ్లీషు ముక్కలతో, తిను తిను అంటూ ఆఖరి ముద్ద దాకా తినిపించారు.

"అంత దూరంనుంచి వచ్చాడండీ మాస్టారూ. మన దేశం వచ్చాడంటే మనింటికొచ్చినట్టే కదండీ" అన్నారు నాతో.

ఆ కుర్రాడు లేచి వెళ్ళేటప్పుడు ఎవర్ని చూసి నేర్చుకున్నాడో రెండు చేతులూ జోడించాడు. రాజుగారి మొహం వెలిగిపోయింది.

మర్నాడు పొద్దున్న హీట్స్. మూడు జట్లుగా ఈదిస్తారు, మొత్తం మీద బాగా ఈదిన ఎనిమిదిమందిని సాయంత్రం ఫైనల్‌కి తీసుకుంటారు. జడ్జిలకి చీటీలు వేసి లేన్లు పంచారు. రెండో హీట్‌లో ఇమ్మాన్యుయేల్ ఈదే లేనే రాజుగారికి తగిలింది. ఈ అబ్బాయి నాకు తెలిసినవాడండీ, ఇంకొకర్ని వెయ్యండి అని ఆయన అనొచ్చు. ఒక పూట పెరుగన్నం పెడితే తెలిసినవాడెలా అవుతాడని ఊరుకున్నారట.

నేను గ్యాలరీలో ఉన్నాను. రెండో హీట్ మొదలైంది. ఇమ్మాన్యుయేల్ పొడుగు చేతులతో బాగానే లాగుతున్నాడు. మలుపు దగ్గరికి రాగానే రాజుగారు నడుం వంచి నీళ్ళలోకి చూశారు. కుర్రాడు తిరిగిపోయాడు. రాజుగారు నిటారుగా నిలబడ్డారు, చెయ్యి భుజం దాకా లేచింది. లేచిన చెయ్యి టోపీ సర్దుకుని కిందికి దిగింది. ఎండగా ఉంది కదా అనుకున్నాను.

అక్కడ జరిగింది ఇది. ఇమ్మాన్యుయేల్ కుడి చెయ్యి గోడని తాకింది. ఎడం చెయ్యి ఇంకా నీళ్ళలోనే ఉంది, అసలు గోడ దాకా రానే లేదు. వెనకటికి వాల్తేరులో తను చేసిన తప్పే. రాజుగారు చూశారు. చూసీచూడనట్టు కాదు, స్పష్టంగా చూశారు. చెయ్యెత్తాలి, పెద్ద జడ్జి వచ్చి రాసుకుపోతాడు, అంతే పని. చెయ్యి లేస్తుండగా, పెట్టిన చేత్తో పంక్తిలోంచి ఎలా లేపుతానని అనిపించిందట. అన్నం ముందు కూర్చున్నవాణ్ణి లేపెయ్యడం ఆ ఇంటావంటా లేదు. ఆ ఒక్క క్షణం ఆయన జడ్జి కాదు, ఇంటి యజమాని అయిపోయారు.

మూడో హీట్‌లో సాయి ఈదాడు. ఒంట్లో ఉన్న బలమంతా పెట్టాడు, గోడని రెండు చేతులతో ఒక్క చప్పుడుతో కొట్టాడు. కాసేపటికి బోర్డు మీద పేర్లు పడ్డాయి. ఎనిమిదో పేరు ఇమ్మాన్యుయేల్. తొమ్మిదోది దుర్గాసాయి. ఇద్దరికీ మధ్య తేడా రెప్పపాటు కూడా లేదు. ఫైనల్‌కి ఎవరైనా రాకపోతే తొమ్మిదోవాణ్ణి దింపుతారు, అందుకని సిద్ధంగా ఉండమన్నారు.

ఆ పేర్లు రాజుగారు రెండుసార్లు చదువుకున్నారట. రెఫరీ అటు పక్కనే ఉన్నాడు. వెళ్ళి నోరు విప్పితే చాలు. కానీ ఏమని విప్పాలి? అప్పుడే ఎందుకు చెప్పలేదు, మీ శిష్యుడు తొమ్మిదోవాడయ్యాక కనపడిందా ఆ చెయ్యి, అంటే ఏం చెబుతారు? ముందు చెబితే నిజంగా ఉండే మాట ఇప్పుడు చెబితే కుట్రలా ఉంటుంది. నిజానికి తను పెంచిన కుర్రాడి కోసం చెప్పడానికి భయపడ్డారు, ఎవరో తెలియని కుర్రాడి కోసం చెప్పకుండా ఉన్నారు. పైగా లోపల ఎక్కడో ఆ పాత మాటే వినపడిందట, మనవాడే కదా, సర్దుకుంటాడని. నాకు ఈ కథలో ఒళ్ళు మండేది అక్కడే. సర్దుకోవడానికి సాయి ముందున్నది చేప ముక్క కాదు.

ఇవేవీ ఆ మధ్యాహ్నానికి నాకు తెలియవు. బయట షామియానా కింద రాజుగారూ నేనూ భోజనాల దగ్గర కూర్చున్నాం. ఆయన పులిహోర కెలుకుతున్నారు తప్ప తినడం లేదు. సాయి వచ్చాడు. తల ఇంకా తడిగానే ఉంది. కళ్ళు ఎర్రగా ఉన్నాయి, నీళ్ళలో కలిపే క్లోరిన్ వల్లే అనుకుందాం.

"మాస్టారూ, ఎక్కడ తప్పు చేశానండీ?" అన్నాడు.

రాజుగారు పులిహోర ముద్ద ఒకటి చేసి మళ్ళీ ఆకులోనే పెట్టేశారు.

"ఏం లేదురా, ఒక్కోరోజు అలా అవుద్ది" అన్నాన్నేను.

"కాదండి. ఏదో జరిగే ఉంటాదండి. మాస్టారు చూసే ఉంటారండి."

"మోకాళ్ళు వెడల్పయినాయిరా" అన్నారు రాజుగారు, ఆకులోకి చూస్తూ. "మలుపు దాటినకాణ్ణించీ."

"నాకలా అనిపించలేదండి."

"నీళ్ళలో ఉన్నోడికి ఏం తెలుస్తాదిరా. ఒడ్డున ఉన్నోడికే తెలిసేది."

"అంతేనండి" అన్నాడు సాయి.

అక్కడితో ఆగినా బాగుండేది. మొదలుపెట్టినవాడికి ఆపడం చేతకాలేదు. తల ఎక్కువ ఎత్తుతున్నావన్నారు. హాస్టల్ తిండికి ఒళ్ళు బరువెక్కిందన్నారు. చిన్నప్పుడు కాలువలో ఉన్న శ్రద్ధ ఇప్పుడు లేదన్నారు. చెప్పేకొద్దీ గొంతు పెరిగింది. ఆయన్ని అంత కటువుగా నేనెప్పుడూ వినలేదు. సాయి ఒక్కొక్కదానికీ బుర్ర ఊపుతూ విన్నాడు. కుర్చీ అంచుకి జరిగి, కాళ్ళు వెనక్కి ముడిచి, మోకాళ్ళు ఎంత దగ్గరగా ఉండాలో అక్కడే సరిచూసుకున్నాడు.

"కుర్రాణ్ణి కాస్త తిననివ్వండి రాజుగారూ" అన్నాను.

"తినమనండి, ఎవడొద్దన్నాడు" అని ఆయన ఆకు మడిచి లేచిపోయారు.

సాయంత్రం ఫైనల్. ఈదేవాళ్ళు పిలుపు కోసం కూర్చునే గది ఒకటుంది. ఎనిమిదిమందీ వచ్చారు. పక్క బల్ల మీద తొమ్మిదోవాడు, ఒంటిమీద తువ్వాలు కప్పుకుని సాయి. గట్టు మీదికి వెళ్ళాలంటే రాజుగారు ఆ గదిలోంచే పోవాలి. తల వంచుకుని దాటిపోతుంటే ఇమ్మాన్యుయేల్ లేచి ఎదురొచ్చాడు. రెండు చేతులూ జోడించాడు. నిన్న తిండి పెట్టినందుకు థ్యాంక్స్ అన్నాడు. తర్వాత గొంతు తగ్గించి, పొద్దున దానికి కూడా అన్నాడు. తన మాట ఈయనకి అర్థమైందో లేదోనని అనుమానం వచ్చినట్టుంది, ఎడం చెయ్యి వీపు వెనక్కి పెట్టుకుని, కుడి చెయ్యి ఒక్కదాన్నే గోడకి ఆనించి చూపించాడు. మీరు చాలా మంచివారు సార్ అన్నాడు.

మంచివారు అన్న మాటకి ఆయన జీవితమంతా ఆశపడ్డారు. ఆ మాట వినగానే నేలలోకి కుంగిపోవాలనిపించిందని నాతో చెప్పారు.

బల్ల మీదున్న సాయికి హాస్టల్లో ఇంగ్లీషు బాగానే పట్టుబడింది. ఇంగ్లీషు రాకపోయినా ఆ చెయ్యి చాలు. అతను ఆ చేతినీ చూశాడు, మాస్టారి మొహాన్నీ చూశాడు. ఇమ్మాన్యుయేల్ వెళ్ళి తన చోట కూర్చున్నాడు. రాజుగారు కదల్లేదు. సాయి ఇప్పుడు అడుగుతాడు, ఎందుకు ఎత్తలేదండీ అని. దానికి ఆయన పొద్దున్నుంచీ సమాధానం కూడదీసుకుంటున్నారు. దూరదేశంనుంచి వచ్చినవాడురా, దిక్కులేనివాడురా, పొరపాటైపోయిందిరా. కాళ్ళు పట్టుకోమంటే అదీ చేసేవారే.

"మాస్టారూ" అన్నాడు సాయి.

"ఏంటిరా."

"మధ్యాహ్నం, మోకాళ్ళు వెడల్పయినాయన్నారు కదండి. నిజంగానే అయినాయాండి?"

 మూడో హీట్‌లో సాయి మోకాళ్ళవైపు ఆయన చూడనే లేదు. బోర్డు మీద పేర్లు ఎప్పుడు పడతాయా అని చూస్తూ నిలబడ్డారు.

"లేదురా" అన్నారు. "బాగానే ఈదుంటావు. నేను చూడలేదు."

"ఆయ్" అన్నాడు సాయి.  పిలుపొచ్చింది, ఎనిమిదిమందీ లేచి వెళ్ళారు. ఇక తొమ్మిదోవాడితో పని లేదని తేలాక సాయి చొక్కా తొడుక్కున్నాడు.

ఫైనల్లో ఇమ్మాన్యుయేల్ అందరికంటే వెనక వచ్చాడు. అది అయిన వెంటనే రాజుగారు రెఫరీ దగ్గరికి వెళ్ళి ఉన్నదున్నట్టు చెప్పేశారు. ఆ పెద్దమనిషి మొదట నమ్మలేదు, నమ్మాక తిట్టనూ లేదు. ఫలితం ఇక మారదన్నాడు, రేపటినుంచి మీరు రానక్కరలేదన్నాడు. రాజుగారు టోపీ ఆ బల్ల మీద పెట్టి వచ్చేశారు. మళ్ళీ ఏ పోటీకీ వెళ్ళలేదు.

తిరుగు రైల్లో ఇదంతా ఆయన నాకు చెప్పారు. కిటికీవైపు తిరిగి చెప్పారు.

"సిగ్గుతో చచ్చిపోతున్నానండీ మాస్టారూ" అన్నారు. "చెయ్యెత్తకపోవడం బుద్ధి తక్కువండి. అది ఎవరితోనైనా చెప్పుకోగలను. ఆడేం తప్పు చెయ్యలేదని తెలిసీ, కూర్చోబెట్టి తప్పులు చెప్పాను చూశారా, అది ఎవరితో చెప్పుకోనండీ."

ఓదార్చాల్సింది. నాకు నోరు ఊరుకోదు.

"మీ మర్యాద ఖర్చెప్పుడూ పక్కవాడిదేనండీ రాజుగారూ" అన్నాను.

ఆయన కాదనలేదు.  ఇల్లు చేరాక రత్నమాణిక్యంగారికి తనే చెప్పారట. ఆవిడ విని, ఆ పూట తలుపులమ్మ ఇంటికి తనొక్కతే వెళ్ళి వచ్చారు. అక్కడ ఏం మాట్లాడుకున్నారో ఇద్దరిలో ఎవరూ బయటపెట్టలేదు. తలుపులమ్మ ఆ ఏడు ఊడ్పులకి వేరేవాళ్ళ చేలోకి వెళ్ళింది.

సాయికి రైల్వే ఉద్యోగం రాలేదు. తర్వాత ఇంకో రెండు పోటీల్లో ఈదాడు, భుజం దెబ్బతింది, మానేశాడు. ఇప్పుడు కాకినాడలో ఒక ప్రైవేటు స్కూల్లో పిల్లలకి ఈత నేర్పుతున్నాడు. వేసవి సెలవుల్లో తల్లిని చూడ్డానికి వస్తాడు. వచ్చిన ప్రతిసారీ రాజుగారింటికి వెళ్ళి ఆయన కాళ్ళకి దండం పెడతాడు. పెట్టింది తింటాడు. తన దగ్గర నేర్చుకునే పిల్లల సంగతులు నవ్వుతూ చెబుతాడు. ఆ రోజు ఊసు ఒక్కసారీ ఎత్తలేదు. మాకెవరికీ చెప్పలేదు కూడా.

సాయంత్రం కాలువలో దిగితే భుజం నొప్పితోనే లాకుల దాకా వెళ్ళి వస్తాడు. అతను దిగాడని తెలిస్తే చాలు, రాజుగారు ఎంత పనిలో ఉన్నా వచ్చి రేవులో నిలబడతారు. ఇప్పుడు కళ్ళు మూసుకోరు, మోకాళ్ళ వైపే చూస్తుంటారు. సాయి ఒడ్డెక్కుతాడు, తల తుడుచుకుంటాడు, ఎండలు బాగా ముదిరాయి కదండీ మాస్టారూ అంటాడు, బట్టలు వేసుకుని ఇంటికి వెళ్ళిపోతాడు. ఎక్కడ తప్పు చేశానండీ అని మాత్రం అడగడు.